మూర్ మార్కెట్ బొమ్మలో లేని మనిషి

చెన్నై సెంట్రల్ పక్కన, సబర్బన్ రైళ్ల భవనం ముందు మూర్ మార్కెట్ నమూనా ఒకటుంది. అసలు మార్కెట్ 1985 మేలో కాలిపోయింది, ఆ చోటే ఈ భవనం లేచింది. కమానులు ఎలా ఉండేవో బొమ్మ చూస్తే తెలుస్తుంది. పాత పుస్తకం అట్ట తిరగేసి, అక్కర్లేనట్టు మొహం పెట్టి, రెండడుగులు వేసి మళ్లీ వెనక్కొచ్చి బేరమాడిన మనిషి మాత్రం అందులో లేడు.

నగరం కట్టడాల మీద తీసే డాక్యుమెంటరీలతో నా పేచీ ఇదే. పైనుంచి డ్రోన్, వెనకాల వయొలిన్, కట్టిన సంవత్సరం చదివే గంభీరమైన గొంతు. అవీ ఒకరకం బొమ్మలే, కాకపోతే కదులుతాయి.

విక్టోరియా పబ్లిక్ హాల్ సంగతే చూడండి. 1883లో దానికి శంకుస్థాపన చేసింది విజయనగరం మహారాజు ఆనంద గజపతి. 1891లో బళ్లారి నుంచి ధర్మవరం కృష్ణమాచార్యులవారి బృందం వచ్చి తెలుగు నాటకాలాడింది ఇక్కడే. అవి చూసిన ఊపులోనే పమ్మల్ సంబంధ మొదలియార్ ఆ ఏడే సుగుణ విలాస సభ పెట్టారు. కొత్త తమిళ నాటకానికి దారి వేసిన సభ అది. మైకుల్లేని రోజులు. ఆఖరి వరుసకు మాట వినబడేదా? ఒక నటుణ్ణి వేదిక మీద నిలబెట్టి, కెమెరాను వెనక గోడకు ఆనించి ఒక్క పద్యం పాడిస్తే ఆ హాలు దేనికి కట్టారో తెలిసిపోతుంది. డ్రోన్‌కు చెవులెక్కడివి?

కట్టడం నిలవడం, పోవడం కూడా విచిత్రమే. మౌంట్ రోడ్డులో 1913 నాటి సినిమా హాలు ఎలక్ట్రిక్ థియేటర్ రెండేళ్లకే తపాలా శాఖ చేతికి వెళ్లి, బతికిపోయింది. ఇప్పుడక్కడ స్టాంపులమ్ముతారు. 1914లో మన రఘుపతి వెంకయ్యగారు కట్టిన గెయిటీ దశాబ్దాలపాటు సినిమాలే ఆడింది, చివరికి నేలమట్టమైంది.

అన్నిటికన్నా నన్ను కుదిపేది కోడంబాక్కం. అడుగుల లెక్కన కాదు, మైళ్ల లెక్కన ఫిల్ము తిరిగిన చోటు. 1957 నాటి ‘మాయాబజార్’లో గోఖలే, కళాధర్ వేసిన ద్వారక కళ్ల ముందుంది. దాన్ని నిలబెట్టిన విజయా-వాహినీ స్టూడియో ఫ్లోరు ఫ్రేములోకి రాకుండా చూడటమే అక్కడివాళ్ల పని. సెట్టు మిగిలింది, షెడ్డు పోయింది!

ఆ ఆవరణలో కొంత మేర ఇప్పుడొక మాల్ ఉంది. ఒకప్పుడు లైట్‌మన్‌గా చేసిన తెనాలి బాబాయ్‌తో కలిసి ఓసారి వెళ్లాను. లిఫ్ట్‌లో కుర్రాడు ‘ఏ ఫ్లోర్?’ అన్నాడు. బాబాయ్ తడుముకున్నాడు. ఆయన లెక్కలో ఫ్లోర్ అంటే అంతస్తు కాదు, షూటింగ్ జరిగే పెద్ద హాలు. పైన చెక్కల మీద కూర్చుంటే మధ్యాహ్నానికి చొక్కా పిండుకోవాల్సి వచ్చేదట. ‘కిందివాళ్లకు ఫ్యాన్లు బాబూ, అవీ టేకు ముందు ఆపేసేవాళ్లు’ అన్నాడు.

కట్టడం గురించి ఇంతకన్నా కచ్చితమైన వర్ణన ఏ పుస్తకంలోనూ నాకు దొరకలేదు. నిధులు, అనుమతులు వచ్చేదాకా ఆగితే ఈ వయసువాళ్లు ఆగరు. చేతిలో ఫోనుంది, తీయొచ్చు. నేనూ ఆ రోజు తీయలేదు. ఫుడ్ కోర్టులో టీ తాగుతూ ఆయన తలెత్తి కప్పు వైపు చాలాసేపు చూశాడు. ‘మా లైట్లు ఇంతకన్నా కిందే ఉండేవి’ అన్నాడు.