జీవజాతుల పేర్లు ఎవరికి దక్కాలి?

పేలు మోసుకొచ్చే టైఫస్ జ్వరం ఒకప్పుడు సైన్యాలనూ జైళ్లనూ శరణార్థి శిబిరాలనూ ఊడ్చిపెట్టేది. టైఫాయిడ్ వేరు, ఇది వేరు. ఈ జ్వరానికి కారణమైన సూక్ష్మజీవి శాస్త్రీయ నామం రికెట్సియా ప్రోవజెకీ. ఆ పేరులో ఇద్దరు మనుషులున్నారు. ఒకరు హోవార్డ్ రికెట్స్ అనే అమెరికా శాస్త్రవేత్త. టైఫస్ మీద పరిశోధన చేయడానికి మెక్సికో సిటీ వెళ్లి, ఆ జ్వరమే సోకి 1910లో చనిపోయారు. రెండోవారు స్టానిస్లాస్ ఫాన్ ప్రోవజెక్. మొదటి ప్రపంచ యుద్ధం నడుస్తుండగా జర్మనీలోని యుద్ధఖైదీల శిబిరంలో అదే పని మీద ఉండి 1915లో అదే జ్వరంతో కన్నుమూశారు. చనిపోయేనాటికి ఇద్దరి వయసూ 39 ఏళ్లే. ప్రోవజెక్‌తో కలిసి పనిచేసిన బ్రెజిల్ శాస్త్రవేత్త హెన్రిక్ ద రోషా లిమాకూ జ్వరం తగిలింది కానీ ఆయన బతికి బయటపడ్డారు. 1916లో ఆ సూక్ష్మజీవికి పేరు పెట్టాల్సి వచ్చినప్పుడు రోషా లిమా పోయిన ఆ ఇద్దరి పేర్లనూ కలిపి పెట్టారు.

జీవజాతులకు మనుషుల పేర్లు పెట్టే ఆనవాయితీని ఇకనైనా ఆపేయాలన్న వాదన ఇప్పుడు గట్టిగా వినిపిస్తోంది. 2023లో నేచర్ ఎకాలజీ అండ్ ఎవల్యూషన్ పత్రికలో కొందరు జీవశాస్త్రవేత్తలు ఈ మాటను సూటిగా రాశారు. ఆఫ్రికాలోని పక్షులు, సరీసృపాలు, ఉభయచరాలు, క్షీరదాల్లో సుమారు 24 శాతం జాతులకు మనుషుల పేర్లే ఉన్నాయని, వాటిలో చాలావరకు 19, 20 శతాబ్దాల నాటి యూరప్ మగవారివేనని లెక్క చూపారు. ఆ లెక్కలో కనబడే అన్యాయాన్ని మేము కాదనడం లేదు. దానికి మందుగా ఆనవాయితీనే ఎత్తేద్దామంటే మాత్రం ఒప్పుకోలేం. రోషా లిమా చేసింది తప్పని ఎవరనగలరు? శాస్త్రం ఎవరికి రుణపడి ఉందో వాళ్ల పేరు పెట్టాలి. పదవి ఉందనో, డబ్బిచ్చారనో పెట్టకూడదు. ఇదీ మా అభిప్రాయం.

ఈ పేర్ల పద్ధతికి పునాది వేసింది స్వీడన్ శాస్త్రవేత్త కార్ల్ లినేయస్. మొక్కల విషయంలో ఆయన 1753 నాటి గ్రంథం నుంచి, జంతువుల విషయంలో 1758 నాటి గ్రంథం నుంచి నేటి లెక్క మొదలవుతుంది. ప్రజాతికి, అంటే దగ్గరి జాతుల గుంపుకు ఒక మాట, జాతికి ఒక మాట, అంతే. కొత్త జాతిని మొదట వర్ణించి ప్రచురించినవారికే పేరు పెట్టే హక్కు ఉంటుంది, ముందు ప్రచురించిన పేరే చెల్లుతుంది. దక్షిణ అమెరికాలోని పటగోనియాలో చార్లెస్ డార్విన్ సేకరించిన, ఎగరలేని రియా పక్షికి 1837లో లండన్‌లో జాన్ గూల్డ్ డార్విన్ పేరే పెట్టారు. కానీ అదే పక్షికి ఫ్రెంచ్ శాస్త్రవేత్త డోర్బిన్యీ 1834లోనే వేరే పేరు పెట్టి ఉన్నారు. దాంతో డార్విన్ అంతటివారి పేరు కూడా పక్కకు తప్పుకోవాల్సి వచ్చింది. సొంత పేరు పెట్టుకోకూడదన్న నిషేధం జంతువుల నామకరణ నియమావళిలో లేదు. అయినా అలా చేయడం మర్యాద కాదని ఆ రంగంలో అందరికీ తెలుసు. అంటే ఈ గౌరవం ఎప్పుడూ ఇంకొకరు ఇవ్వాల్సిందే. ఇచ్చేవారి కంట పడనివారికి అది దక్కదు.

దక్కనివారిలో అలీ ఒకరు. ఇప్పటి మలేసియాలోని సారవాక్‌కు చెందిన ఈ యువకుడు 1855లో ప్రకృతి శాస్త్రవేత్త ఆల్ఫ్రెడ్ రసెల్ వాలేస్ దగ్గర వంటపనికి చేరారు. పక్షులను వేటాడటం, చర్మం చెడకుండా ఒలిచి నమూనాగా భద్రపరచడం నేర్చుకున్నారు. కొన్నాళ్లకే వాలేస్‌కు కుడిభుజం అయ్యారు. 1858 అక్టోబరులో, ఇప్పటి ఇండోనేసియాలోని బచాన్ దీవిలో, నడుముకు కొన్ని పక్షులను కట్టుకుని అడవి నుంచి తిరిగొచ్చారు. వాటిలో ఒక వింత పక్షి ఉంది. రొమ్ము మీద తళతళలాడే ఆకుపచ్చ ఈకలు, భుజాల దగ్గర నుంచి రెండేసి చొప్పున పొడుచుకొచ్చిన పొడవాటి తెల్లటి ఈకలు. అప్పటిదాకా శాస్త్ర ప్రపంచం చూడని స్వర్గవిహంగం అది. దాన్ని తెచ్చింది అలీయేనని వాలేస్ దాచలేదు, తన యాత్రా గ్రంథంలో స్పష్టంగా రాశారు. నమూనా లండన్ చేరింది. బ్రిటిష్ మ్యూజియంలో పనిచేసే జి.ఆర్. గ్రే దానికి వాలేస్ పేరు పెట్టారు. సెమియాప్టెరా వాలేసీ అని నేటికీ పిలుస్తున్నాం. వాలేస్ ఆ గౌరవానికి తగరని ఎవరూ అనరు. కానీ తుపాకి పట్టుకుని అడవిలో తిరిగిన మనిషి పేరు ఆ పక్షికి ఉండి ఉంటే శాస్త్రానికి వచ్చే నష్టమేమిటి?

అంతకు 40 ఏళ్ల ముందు, 1818లో, సుమత్రా అడవుల్లో ఇంకా పెద్ద అన్యాయమే జరిగింది. బ్రిటిష్ పాలనాధికారి స్టాంఫర్డ్ రాఫిల్స్ బృందంలో జోసెఫ్ ఆర్నాల్డ్ అనే వైద్యుడు ప్రకృతి పరిశీలకుడిగా ఉన్నారు. ఆయన కాస్త ముందు నడుస్తుండగా ఒక మలయ్ సేవకుడు పరుగున వచ్చి, వింత పువ్వు చూడాలి రమ్మని పిలిచాడు. వెళ్లి చూస్తే నేలను అంటిపెట్టుకుని దాదాపు మీటరు అడ్డుకొలత ఉన్న ఎర్రటి పువ్వు, దాని నిండా కుళ్లిన మాంసం వాసన. ప్రపంచంలోనే అతిపెద్ద పువ్వు అది. కొద్ది వారాలకే ఆర్నాల్డ్ జ్వరంతో చనిపోయారు. ఆ తర్వాత రాబర్ట్ బ్రౌన్ దానికి రఫ్లేసియా ఆర్నాల్డీ అని పేరు పెట్టారు. ప్రజాతి పేరు పాలకుడికి, జాతి పేరు వైద్యుడికి దక్కింది. పువ్వును మొదట చూసి పిలిచిన మనిషిని ఆర్నాల్డ్ తన ఉత్తరంలో ఒక మలయ్ సేవకుడు అని మాత్రమే రాశారు. ఇప్పుడు ఆయన పేరు పెట్టాలని ఎంత కోరుకున్నా పెట్టలేం. వలస పాలన ఎంత నష్టం చేసిందో లెక్కలకంటే ఈ ఒక్క ఉత్తరమే బాగా చెబుతుందని మేము అనుకుంటున్నాం.

ఇది వలస దేశాలకే పరిమితమైన జాడ్యమూ కాదు. ఆహారం కలుషితమైనప్పుడు తరచూ వినపడే సాల్మొనెల్లా అమెరికా పశువైద్య అధికారి డేనియల్ సాల్మన్ పేరు మీద వచ్చింది. 1885లో ఆ బ్యాక్టీరియాను వేరుచేసింది ఆయన కింద పనిచేసిన థియోబాల్డ్ స్మిత్. పై అధికారి పేరే నిలిచిపోయింది.

పద్ధతి సరిగ్గా నడిచినప్పుడు ఎంత బాగుంటుందో కూడా చూడాలి. 1938 డిసెంబరులో దక్షిణాఫ్రికాలోని ఈస్ట్ లండన్ రేవులో ఒక చేపల పడవ కెప్టెన్ నుంచి స్థానిక మ్యూజియం క్యూరేటర్ మార్జరీ కోర్ట్‌నే-లాటిమర్‌కు కబురు వచ్చింది. చేపల కుప్ప కింద నీలిరంగులో మెరుస్తున్న, దాదాపు ఒకటిన్నర మీటర్ల చేప ఆమె కంట పడింది. టాక్సీ డ్రైవర్ కుదరదన్నా ఒప్పించి దాన్ని మ్యూజియానికి చేర్చారు. అంత పెద్ద చేపను చెడిపోకుండా దాచే వీలు దొరకలేదు. బొమ్మ గీసి, చేపల నిపుణుడు జె.ఎల్.బి. స్మిత్‌కు ఉత్తరం రాశారు. డైనోసార్లతోపాటే అంతరించిపోయిందని అందరూ నమ్మిన సీలకాంత్ అది. 1939లో స్మిత్ దానికి లాటిమేరియా కాలుమ్నే అని పేరు పెట్టారు. తన పేరు పెట్టలేదు, మ్యూజియం పెద్దల పేరూ పెట్టలేదు. కుప్పలో ఉన్నది మామూలు చేప కాదని గుర్తించిన ఆమె పేరే పెట్టారు.

ఆలస్యంగానైనా దిద్దుకున్న సందర్భాలున్నాయి. మగవేషంలో ఓడెక్కి, వృక్షశాస్త్రవేత్త కమర్సన్‌కు సహాయకురాలిగా మొక్కలు సేకరించి, భూమిని చుట్టివచ్చిన మొదటి మహిళగా చరిత్రకెక్కిన జాన్ బారేకు 2012లో గానీ ఆ గౌరవం అందలేదు. దక్షిణ అమెరికాకు చెందిన వంకాయ కుటుంబంలోని ఒక సొలానమ్ మొక్కకు ఆమె పేరు పెట్టారు. ఆమె ప్రయాణించిన నౌకాదళానికి నాయకుడైన బోగన్‌విల్ పేరు మాత్రం కాగితం పూల మొక్కగా ఎప్పుడో ప్రపంచమంతా పాకిపోయింది.

థాయ్‌లాండ్‌కు చెందిన కిట్టి థాంగ్‌లాంగ్య కథ మాకు మరీ ఇష్టం. 1948లో పశ్చిమ కనుమల్లో దొరికిన ఒక గబ్బిలం మామూలు పండ్ల గబ్బిలమన్న పొరపాటు గుర్తింపుతో బొంబాయి నాచురల్ హిస్టరీ సొసైటీ సేకరణలో పడి ఉంది. కిట్టి దాన్ని పరిశీలించి, అది కొత్త జాతి మాత్రమే కాదు, కొత్త ప్రజాతి అని తేల్చారు. 1972లో దానికి భారత పక్షిశాస్త్రవేత్త సలీం అలీ పేరు మీద లాటిడెన్స్ సలీమాలీ అని పేరు పెట్టారు. మరుసటి ఏడాదే థాయ్‌లాండ్ గుహల్లో రెండు గ్రాముల బరువు మాత్రమే ఉన్న మరో గబ్బిలాన్ని సేకరించారు. దాన్ని వర్ణించకుండానే 1974 ఫిబ్రవరిలో చనిపోయారు. ఆ పని పూర్తిచేసిన లండన్ శాస్త్రవేత్త జాన్ హిల్ దానికి క్రేసియోనిక్టెరిస్ థాంగ్‌లాంగ్యై అని కిట్టి ఇంటిపేరే పెట్టారు. ఈ పేర్లను ఎత్తేస్తే ఇలాంటి చరిత్ర కూడా వాటితోపాటే పోతుంది.

ఇక అసలు చిక్కు దగ్గరికి వద్దాం. స్లొవేనియా గుహల్లో కళ్లు లేని ఒక చిన్న గోధుమరంగు పురుగు ఉంది. 1930ల్లో ఓస్కార్ షైబెల్ అనే ఆస్ట్రియన్ దానికి అనోఫ్తాల్మస్ హిట్లరి అని పేరు పెట్టాడు. హిట్లర్ మట్టిలో కలిసిపోయినా ఆ పేరు మాత్రం చెల్లుబాటులోనే ఉంది. పైగా నాజీ గుర్తులు పోగేసేవాళ్లు ఈ పురుగు కోసం ఎగబడటంతో జాతి మనుగడకే ముప్పు వచ్చింది. పేరును మార్చడానికి నియమాలు ఒప్పుకోవు. నైతిక కారణాలతో పాత పేర్లు మార్చడం తమ పని కాదని జంతు నామకరణ అంతర్జాతీయ కమిషన్ 2023లో తేల్చిచెప్పింది. ఒక జాతి గురించి రెండు వందల ఏళ్లుగా రాసిందంతా ఆ పేరు కిందే ఉంటుంది, వన్యప్రాణుల వ్యాపారంపై ఆంక్షలు, వైద్య గ్రంథాలు, మ్యూజియం రికార్డులు అన్నీ దాన్నే పట్టుకుని నడుస్తాయి, మార్చడం మొదలుపెడితే ఎక్కడ ఆగాలో తెలియదు అన్నది కమిషన్‌ను సమర్థించేవారి వాదన. ఇది తేలిగ్గా తీసిపారేయాల్సిన మాట కాదు. పాత పేర్లన్నిటినీ తిరగరాయాలన్న డిమాండ్‌ను మేమూ సమర్థించం.

కానీ తలుపు పూర్తిగా మూసేయాల్సిన పనీ లేదు. 2024 జులైలో మాడ్రిడ్‌లో జరిగిన అంతర్జాతీయ వృక్షశాస్త్ర సదస్సు ఒక దారి చూపింది. ఆఫ్రికా నల్లజాతివారిని తిట్టే మాట నుంచి వచ్చిన కాఫ్రా అనే పేరును 200కు పైగా మొక్కలు, శైవలాలు, శిలీంధ్రాలకు ఆఫ్రాగా మార్చాలని ఓటేసింది. మారింది ఒక్క అక్షరమే కాబట్టి పాత పుస్తకాల్లో వెతకడానికీ ఇబ్బంది లేదు. ఏదైనా ఒక జనసమూహాన్ని కించపరిచే కొత్త పేర్లను 2026 నుంచి తిరస్కరించే వీలు కూడా కల్పించింది. కొంపలేమీ మునిగిపోలేదు. జంతువుల విషయంలోనూ ఇంతటి ఇరుకైన దారి ఒకటి ఉండాలి. సామూహిక హత్యాకాండకు ఆదేశించిన వ్యక్తి పేరు ఒక జీవికి ఉండకూడదని చెప్పడానికి పెద్ద మీమాంస అక్కర్లేదు.

అన్ని కేసులూ ఇంత తేలిక కాదని మాకు తెలుసు. ఆస్ట్రేలియాలో పసుపు పూలు పూసే హిబ్బర్షియా మొక్కలకు ఆ పేరు జార్జ్ హిబ్బర్ట్ అనే లండన్ వర్తకుడి మీద వచ్చింది. బానిసల శ్రమతో సంపాదించి, బానిసత్వ రద్దును గట్టిగా వ్యతిరేకించిన మనిషి. ప్రజాతి పేరు మారిస్తే దాని కింద ఉన్న జాతులన్నిటి పేర్లూ మార్చాలి. ఇక్కడ పేరును ఉంచి, ఆయనెవరో ప్రతి ఉద్యానవనంలోనూ మొక్క పక్కనే రాసిపెట్టడం మేలని మేము భావిస్తున్నాం. దీన్ని ఒప్పుకోని పాఠకులు ఉంటారు, వాళ్ల బాధలో న్యాయం ఉంది.

డబ్బు సంగతి వేరు. 2005లో బొలీవియాకు చెందిన ఒక టిటి కోతికి పేరు పెట్టే హక్కును వేలం వేస్తే ఒక ఆన్‌లైన్ జూద సంస్థ 6.5 లక్షల డాలర్లకు పాడుకుంది. కోతి పేరులో ఆ సంస్థ పేరు చేరింది. వచ్చిన డబ్బు అది బతికే మదీదీ జాతీయ ఉద్యానవన రక్షణకు వెళ్లింది, ఆ మేరకు మంచే జరిగింది. అడవిని కాపాడటానికి నిధులు లేక శాస్త్రవేత్తలు పడే అవస్థ మాకు అర్థం కాకపోలేదు. అయినా శాశ్వతంగా ఉండే పేరును అమ్మకానికి పెట్టడం తప్పు. దాత పేరును ఉద్యానవనం గేటు మీదో, పరిశోధన పత్రం చివరో రాయొచ్చు. పదవిలో ఉన్న రాజకీయ నాయకుల పేర్లు పెట్టడమూ ఇలాంటిదే. 2005లో అమెరికా అధ్యక్షుడు బుష్, ఉపాధ్యక్షుడు చెనీ, రక్షణమంత్రి రమ్స్‌ఫెల్డ్ పేర్లు మూడు పురుగులకు పెట్టారు. ఆ పురుగులను వెతకడంలో వాళ్ల పాత్ర ఏమీ లేదు.

ఏటా వేల సంఖ్యలో కొత్త జాతులకు పేర్లు పెడుతున్నారు కాబట్టి దిద్దుబాటుకు అవకాశం చేతిలోనే ఉంది. నమూనా తెచ్చిన గైడ్, దారి చూపిన అడవి మనిషి, వల వేసిన జాలరి, మ్యూజియంలో సీసాల మీద లేబుళ్లు రాసే ఉద్యోగి ఎవరో ప్రతి పరిశోధన పత్రంలో పేరుపేరునా నమోదు కావాలి. పేరు ఎందుకు పెట్టారో వివరించే భాగం కొత్త జాతి పత్రాల్లో ఇప్పటికే ఉంటోంది. జాతిని వెతకడంలో, కాపాడటంలో, అర్థం చేసుకోవడంలో ఆ వ్యక్తి చేసిన పని ఏమిటో అక్కడ రాయలేకపోతే, ఆ పేరును పత్రికల సంపాదకులు వెనక్కి పంపాలి.