బాలి దాకా వెళ్ళాం, శివారు దాకా వెళ్దామా?

ఈ ఏడాది మన తెలుగు సంఘం సంక్రాంతి సంబరాల్లో ముగ్గుల పోటీకీ, భోగిపళ్ళకీ మధ్య ఒక స్లైడ్ షో వేశారు. వచ్చినవాళ్ళకి గుర్తుండే ఉంటుంది. జనవరిలో ఇక్కడ ఆస్ట్రేలియాలో ఆరుబయట మంట వెయ్యడానికి ఆంక్షలు కాబట్టి ఎప్పటిలాగే అట్టముక్కలకి ఎర్ర కాగితం అంటించి, లోపల బల్బు పెట్టి, దాని చుట్టూ తిరిగి భోగిమంట అయిందనిపించాం. తర్వాత హాల్లో లైట్లు ఆర్పి, బాలిలో వరిచేల మధ్య సైకిళ్ళ మీద తిరిగొచ్చిన మన కుటుంబాల ఫొటోలు చూపించారు. ఫొటోలు బాగున్నాయి. పిల్లల మొహాలు ఇంకా బాగున్నాయి. చివర్లో మైకు అందుకున్నవారి మాటే గుచ్చుకుంది. "ఇలాంటి పల్లెటూళ్ళు మన దగ్గర ఇంకెక్కడున్నాయండీ! మన పిల్లలకి వరి అంటే ఏంటో చూపించాలంటే బాలికే తీసుకెళ్ళాలి." హాలంతా చప్పట్లు. లక్కీ డ్రాలో మొదటి బహుమతి కూడా ఆ టూరే అని ప్రకటించారు. మళ్ళీ చప్పట్లు.

ఆ సమయానికి వెనక వరసలో, విజిటర్ వీసా మీద వచ్చిన పెద్దవాళ్ళు శాలువాలు కప్పుకుని కూర్చుని ఉన్నారు. ఏసీ పడదు వాళ్ళకి. మన కార్యక్రమాల్లో వాళ్ళ చోటు ఎప్పుడూ అదే. జ్యోతి ప్రజ్వలనకి ఒకరిద్దర్ని పిలుస్తాం, మనవల డాన్సు వీడియో తీసుకోమంటాం, భోజనాల దగ్గర "ముందు మీరు పదండి" అంటాం. ఆ వరసలో బతుకంతా వరి పండించినవాళ్ళు కనీసం నలుగురైదుగురు ఉంటారని నాకు తెలుసు. వాళ్ళలో ఒకరు మా నాన్న. మర్యాదకి ఆయనా చప్పట్లు కొట్టారు.

ఆ టూరు మీద నాకేం కోపం లేదు. మేమూ వెళ్ళొచ్చాం, నాన్నతో సహా. పొద్దున్నే కింతమణిలో బతూర్ అగ్నిపర్వతం చూస్తూ టిఫిన్, అక్కణ్ణుంచి ఉబుద్ వైపు దిగువకి సైకిళ్ళు. తొక్కడం కన్నా బ్రేకులు పట్టుకోవడమే ఎక్కువ పని. వెనకాల వ్యాను వస్తుంది. నాన్నకి మోకాళ్ళ నొప్పులు కాబట్టి ఆయన వ్యాన్లోనే. మధ్యలో కాఫీ తోట దగ్గర ఆపి, పునుగు పిల్లిని బోనులో పెట్టి చూపించి, దాని పెంటలోంచి ఏరిన గింజల కాఫీ పొట్లాలు అమ్మబోయారు. దాని గురించి ఇంతకన్నా రాయడం దండగ.

వరిచేల దగ్గర ఫొటోలకని కాసేపు ఆపారు. పిల్లలు గట్టు మీద నిలబడి రకరకాల భంగిమలు పెడుతున్నారు. వెనక్కి తిరిగి చూద్దును కదా, నాన్న వ్యాను దిగి, చెప్పులు చేత్తో పట్టుకుని మడిలోకి దిగిపోయారు. ఒక కంకి ఒంచి, గింజని గోటితో నొక్కారు. తెల్లగా పాలు వచ్చాయి. "పాలు పోసుకుంటోందమ్మాయ్, ఇప్పుడు నీళ్ళు తియ్యకూడదు" అన్నారు, అక్కడెవరో నీళ్ళు తీసేస్తున్నట్టు. పక్క మడిలో పిట్టల్ని తోలడానికి తాళ్ళకి డబ్బాలు కట్టి లాగుతున్న పెద్దాయన ఇదంతా చూస్తున్నాడు. కోప్పడతాడేమోనని నాకు టెన్షన్. ఆయన నవ్వుతూ గట్టు మీదకొచ్చాడు. వచ్చి, ఆయనా ఇంకో కంకి నొక్కి చూపించాడు.

ఇక మా గైడ్ కుర్రాడు దుబాసీ అయిపోయాడు. నాన్న తెలుగులో నాకు చెప్పడం, నేను ఇంగ్లీషులో కుర్రాడికి చెప్పడం, అతను బాలి భాషలో పెద్దాయనకి చెప్పడం. మొదటి ప్రశ్న భూమి గురించి. "సొంతమా, కౌలా?" సొంతం కాదట, పంటలో సగం యజమానికి పోతుందట. "పండినదాంట్లోనా?" అని నాన్న రెట్టించి అడిగారు. మా ఊళ్ళో కౌలు బస్తాల లెక్క. తుపానొచ్చి చేను పడిపోయినా ఒప్పుకున్న బస్తాలు కొలవాల్సిందే. "అయితే ఇతని నష్టంలో ఆ యజమానికీ పాలుందన్నమాట" అని కాసేపు ఆలోచనలో పడ్డారు.

రెండో ప్రశ్న నీళ్ళ గురించి. అక్కడే అసలు కథ మొదలైంది. పెద్దాయన మమ్మల్ని చేను మూలకి తీసుకెళ్ళాడు. బోదెలోంచి నీరు మొదటి మడిలోకి దిగే చోట వెదురుతో చేసిన చిన్న గూడు, అందులో కొబ్బరాకు దొప్పలో పూలు, నాలుగు మెతుకులు. వరి తల్లి దేవి శ్రీకి నైవేద్యం. నాన్న చెప్పులు పక్కన పెట్టి దణ్ణం పెట్టుకున్నారు. పెట్టుకుని, వెంటనే, "వంతు తప్పించి నీళ్ళు పెట్టుకుంటే ఏం చేస్తారో అడుగు" అన్నారు. జరిమానా అట. ఎవరు వేస్తారు? సుబక్.

సుబక్ అంటే ఒకే కాలువ కింద సాగుచేసే రైతుల సంఘం. 9వ శతాబ్దం నుంచీ నడుస్తోంది. ప్రతి సుబక్‌కీ రాసుకున్న కట్టుబాట్లుంటాయి, పెకాసె అనే పెద్ద ఉంటాడు, గుడి ఉంటుంది. ఏ ఆయకట్టు ఎప్పుడు నాట్లు వెయ్యాలి, ఎప్పుడు చేలు ఖాళీగా వదలాలి అన్నది పైనుంచి కింద దాకా నీటి గుళ్ళలో కూర్చుని తేల్చుకుంటారు. అన్నిటికీ పైన బతూర్ సరస్సు దేవత గుడి. 1970లలో హరిత విప్లవం వచ్చి, గుళ్ళ లెక్క పక్కన పెట్టి ఎన్ని పంటలు వీలైతే అన్ని వెయ్యమంది. ఎప్పుడూ ఎక్కడో ఒకచోట పచ్చటి చేను ఉండేసరికి వరిని పీల్చేసే సుడిదోమకి పండగైంది. మందులు కొడితే దోమని తినే పురుగులే ముందు చచ్చాయి. 1986లో ఇండోనేషియా ప్రభుత్వం వరి మీద 57 రకాల పురుగుమందుల్ని నిషేధించాల్సి వచ్చింది. చుట్టుపక్కల చేలన్నీ ఒకేసారి ఖాళీ పెడితే పురుగుకి తిండి దొరక్క చస్తుందన్న ఆ గుళ్ళ లెక్కే సరైనదని స్టీఫెన్ లాన్సింగ్ అనే మానవశాస్త్రవేత్త కంప్యూటర్ నమూనాలతో చూపించాడు. 2012లో యునెస్కో సుబక్ పొలాల్ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. ఇంతా నేను తర్వాత చదువుకున్నది. నాన్నకి అవసరం పడలేదు. దోమపోటు అన్న మాట కుర్రాడికి ఎలా చెప్పాలో తెలియక నేను తంటాలు పడుతుంటే, ఆయన వరి దుబ్బు మొదట్లో చెయ్యి పెట్టి సుడులు తిరిగి ఎండిపోయినట్టు సైగ చేశారు. పెద్దాయనకి వెంటనే అర్థమైపోయింది.

టూరు వెనకబడిపోయింది. మిగతావాళ్ళు గడియారాలు చూసుకుంటున్నారు. వాళ్ళనీ తప్పు పట్టను, భోజనం టైము.

ఇంత చెప్పి, మైకులో మాట తప్పని అంటే సరిపోదు. ఆ మాటలో నిజముందా లేదా? కొంత ఉంది. బాలిలో పల్లెదారి శుభ్రంగా ఉంది. మన కాలువ గట్టు సంగతి చెప్పుకుందామా? గుర్రపుడెక్క పట్టిన నీళ్ళు, ప్లాస్టిక్ సంచులు, పొద్దున పూట ముక్కు మూసుకునే వాసన. భీమవరం చుట్టుపక్కల చేలు చాలావరకు చెరువులైపోయాయి, రొయ్యల ఏరేటర్ల చప్పుడే వినిపిస్తుంది. నీటి వినియోగదారుల సంఘాలకి మనకీ చట్టం ఉంది, 1997 నుంచీ ఉంది. కానీ కాలువ చివరనుండే శివారు రైతునడగండి, రెండో పంట దాళ్వాలో వంతు నీళ్ళు ఎన్నిసార్లు తన తూము దాకా వచ్చాయో. ఆ కడుపుమంటే 2011లో కోనసీమలో రైతులు మొదటి పంట సార్వా వెయ్యకుండా పంట విరామం ప్రకటించేదాకా తెచ్చింది. నీళ్ళు, ధర, కూలి, మురుగు, అన్నీ కలిసి. ఆ వార్త మన సంఘం పత్రికలో కూడా వేశాం. కింద మిమిక్రీ ఆర్టిస్టు పర్యటన వివరాలు.

ఇంకో సంగతి. బాలి టూర్లో ఒక ఇంటి ఆవరణలోకి తీసుకెళ్తారు. ఈశాన్యం మూల దేవుళ్ళ గుళ్ళు, వసారాలో బుట్ట అల్లుతున్న ముసలమ్మ, వంటిల్లు. మేం పదిమందిమి తొంగి చూశాం. ఆవిడ తల కూడా ఎత్తలేదు, అలవాటైపోయింది. మా ఊళ్ళో అలా ఒక గుంపు వస్తే మా పెద్దమ్మ ఏం చేస్తుందా అనుకున్నాను. ముందు కాఫీ ఇస్తుంది. గ్లాసు కింద పెట్టేలోపు "మీరేవిట్లు?" అని కులం అడుగుతుంది. నవ్వుకోవద్దు. మన గోదావరి డెల్టాలో సైకిల్ టూరు పెడితే అది ఏ వీధుల్లోంచి పోతుంది? ఊళ్ళోంచి రామాలయం మీదుగా వెళ్ళి చేల దగ్గర తేలుతుందా, దళితులుండే పేటలోకి కూడా వెళ్తుందా? ఊడ్పులు ఊడ్చేది, కోతలు కోసేది ఎక్కువగా పేట వాళ్ళే. 2022లో కోనసీమ జిల్లా పేరులో అంబేద్కర్ని చేరుస్తామంటే అమలాపురంలో మంత్రి ఇల్లు తగలబెట్టారు. అది కూడా ఈ పచ్చదనంలో భాగమే. బాలిలో మనకి ఇవేవీ కనపడవు. కనపడనంత మాత్రాన లేవని కాదు, మనకి భాష రాదు, అంతే. పెద్దాయన సగం పంట సంగతి నాన్న అడగబట్టి బయటపడింది.

అందుకే నా మొర సంఘానికి. బాలి టూరు మానెయ్యమనను, లక్కీ డ్రా బహుమతి వెనక్కి తీసుకోమనను. వెళ్ళేవాళ్ళు గైడ్‌కి ముందే చెప్పండి, కాఫీ తోట తీసేసి ఆ సమయం చేలో ఇవ్వమని. చేను ఎవరిదో, నీళ్ళెక్కణ్ణుంచో, కూలి ఎంతో పిల్లల చేత అడిగించండి. విదేశీయుల దగ్గర 2024 నుంచి బాలి ప్రభుత్వం లక్షా యాభై వేల రూపయా పన్ను వసూలు చేస్తోంది కాబట్టి ఊరికి మన వంతు ఇచ్చేశామనుకోకండి. మనం ఫొటో తీసిన గట్టు ఎవరిదో వాళ్ళ చేతికి కూడా ఏదైనా ఇవ్వండి. ఇదంతా చెయ్యడానికి పక్కన ఒక రైతుంటే సగం పని తేలిక. వెనక వరసలో ఉన్నారు, అడిగితే వస్తారు.

దాంతో పాటు మన దగ్గర కూడా ఒక టూరు పెట్టండి. మనం ఊరెళ్ళినప్పుడు చేసేదేంటి? రాజమండ్రిలోనో గన్నవరంలోనో దిగి, ఏసీ కారెక్కి, కల్యాణమండపం, బంగారం షాపు, డెంటిస్టు. కొందరు మగాళ్ళు కోడిపందేల బరి దాకా వెళ్ళి, అదే పల్లె సంస్కృతి అని వచ్చి వేదిక మీద చెబుతారు. ఇక్కడి పిల్లలకి వేసవి సెలవులున్నప్పుడే అక్కడ దాళ్వా ఊడ్పులు. ఇంతకన్నా కలిసొచ్చే రోజులు మనకి దొరకవు. ధవళేశ్వరంలో మొదలుపెట్టండి. 1852కల్లా కాటన్ కట్టించిన ఆనకట్ట వల్లే ఆ చేలన్నీ ఉన్నాయి. కాటన్ విగ్రహానికి దండ వెయ్యడం పది నిమిషాల్లో ముగించి, కాలువ గట్టు వెంట శివారు దాకా వెళ్ళండి. దారిలో లాకు ఎలా పనిచేస్తుందో చూపించండి. కోసిన చేలల్లో బాతుల మందలు తోలుకుంటూ తిరిగేవాళ్ళుంటే ఆగండి. బాలిలోనూ బాతుల్నే తోలుతున్నారని చెబితే వాళ్ళూ సరదాపడతారు. మార్టేరులో వరి పరిశోధన కేంద్రం ఉంది. 1982లో అక్కణ్ణుంచి వచ్చిన స్వర్ణే ఎన్నో ఏళ్ళు మన కంచాల్లో అన్నం. ముందే ఉత్తరం రాసి అనుమతి తీసుకుంటే పిల్లలకి చూపించొచ్చు.

ఊడ్పుల దగ్గర ఆడవాళ్ళని అడక్కుండా ఫొటో తియ్యకూడదన్న నిబంధన మొదటిరోజే చెప్పండి. నడుం వంచి పనిచేసేవాళ్ళని వెనకనుంచి ఫొటో తీస్తే వాళ్ళకి ఎలా ఉంటుందో మనకి ఎవరూ నేర్పనక్కర్లేదు. పిల్లలు ఒక పూట ఊడుస్తామంటే ఊడవనివ్వండి. కానీ ఆ పూట కూలి తగ్గించకండి. పిల్లలు ఊడ్చిందాన్ని మళ్ళీ సరిచెయ్యడానికి వాళ్ళకి రెట్టింపు పని పడుతుంది. దారి చూపించడానికి పేట కుర్రాళ్ళని, అమ్మాయిల్ని పెట్టుకోండి. భోజనం కూడా వాళ్ళ వీధిలోనే ఏర్పాటు చెయ్యండి. ఎవరైనా "అక్కడెందుకండీ" అంటే, వాళ్ళ డిపాజిట్ వాళ్ళకి ఇచ్చెయ్యండి.

సంఘం ఎన్నికలు దగ్గరకొచ్చాయి. రెండు ప్యానెళ్ళ మ్యానిఫెస్టోలూ చదివాను, రెండిట్లోనూ సినిమా సంగీత దర్శకుణ్ణి తెప్పిస్తామని ఉంది. తెప్పించండి. ఈ టూరుని ఏ ప్యానెల్ తమ కాగితంలో చేర్చినా సైకిళ్ళు, హెల్మెట్లు, ఆడపిల్లలకి మరుగుదొడ్లున్న ఆగేచోట్లు వెతికే పని నాది. గట్టు మీద ఏ వంతెన దగ్గర రోడ్డు తెగిందో, ఎక్కడ సైకిల్ దిగి నడవాలో నాన్న కాగితం మీద గీసిచ్చారు. డిసెంబరు ఆఖరికి అక్కడుండాలంటే టికెట్లు ఆగస్టులోనే కొనాలి, ఆ తర్వాత రేట్లు మీకు తెలియనివి కావు.