సబ్‌మెరైన్ కామెడీకి బొమ్మ అక్కర్లేదు

అణు సబ్‌మెరైన్‌లో నడిచే కామెడీ సీరియల్‌కి సరైన చోటు టీవీ కాదు, రేడియోనే. బీబీసీ రేడియో 4 'డీప్ ట్రబుల్' అని ఒకటి వేసింది, 2005లో ఒక సిరీస్, 2007లో ఇంకొకటి. కథంతా హెచ్‌ఎంఎస్ గోలియత్ అనే కల్పిత బ్రిటిష్ సబ్‌మెరైన్‌లోనే. రాసింది జిమ్ నార్త్, బెన్ విల్‌బాండ్. ఈ విల్‌బాండే తర్వాత 'గోస్ట్స్' టీవీ సిరీస్‌లో కెప్టెన్ దెయ్యంగా బాగా నవ్వించాడు.

రేడియోనే ఎందుకంటే, సబ్‌మెరైన్ లోపల ఉన్నవాళ్లకి కూడా బయట ఏమీ కనపడదు. కిటికీలుండవు, లోతుకి దిగాక పెరిస్కోప్ పనికిరాదు, ఇక నీళ్లలో శబ్దాలు పట్టే సోనార్ ముందు కూర్చుని చెవులు రిక్కించడమే. వినేవాడూ, కథలో పాత్రా ఒకే స్థితిలో ఉంటారన్నమాట. టీవీలో అయితే ఆ ఎర్ర లైట్లు, చెమటలు పట్టిన మొహాలు చూపించక తప్పదు, దాంతో సగం టైము ఏదో వార్ సినిమా చూస్తున్నట్టే ఉంటుంది. రేడియోలో ఒక ఇనప తలుపు చప్పుడు, వెనకాల సన్నగా మోటారు రొద ఉంటే చాలు, మిగతాది మనమే కట్టుకుంటాం. రేడియోలో సినిమాల సంక్షిప్త శబ్దచిత్రాలు విని పెరిగినవాళ్లకి ఇది విడమరిచి చెప్పక్కర్లేదు.

రెండో సంగతి, కామెడీ పండాలంటే ఒకరికొకరు పడనివాళ్లు ఒకచోట ఇరుక్కోవాలి. ఆఫీసులో కోపమొస్తే లేచి వెళ్లిపోవచ్చు, ఇక్కడ వెళ్లడానికి చోటేదీ? అణ్వాయుధాలు మోసే బ్రిటన్ వాన్‌గార్డ్ తరగతి సబ్‌మెరైన్లలో 130 మందికి పైగా నెలల తరబడి నీళ్లలోనే ఉంటారు. ఇంటి నుంచి వారానికి 120 మాటల ఉత్తరం వస్తుంది, దానికి జవాబు రాయడం కుదరదు, ఎందుకంటే సిగ్నల్ పంపితే సబ్‌మెరైన్ ఎక్కడుందో శత్రువుకి తెలిసిపోతుంది. ఆ ఉత్తరాన్ని కూడా ముందు వేరేవాళ్లు చదివాకే ఇస్తారు. భార్యాభర్తల పోట్లాటలో ఒకరికే మాట్లాడే హక్కు, అదీ 120 మాటలకి మించకుండా, మధ్యలో మూడో మనిషి చదువుతూ! దీనిమీద ఒక ఎపిసోడ్ మొత్తం నడపొచ్చు.

అన్నిటికన్నా నాకు నచ్చింది ఇంకోటుంది. బ్రిటన్‌లో కొత్త ప్రధాని రాగానే ఈ తరగతి నాలుగు సబ్‌మెరైన్ల కెప్టెన్లకీ తన చేత్తో ఉత్తరాలు రాసి పెట్టాలి, దేశం నాశనమైపోతే అణ్వాయుధాలు వాడాలా వద్దా అని. దేశం ఉందో పోయిందో తేల్చుకునే పరీక్షల్లో ఒకటి రేడియో 4 వస్తోందా లేదా అని చూడటమేనని చరిత్రకారుడు పీటర్ హెన్నెసీ రాశాడు. అంటే ఏ స్టేషన్ ఆగిపోతే ఆ ఉత్తరం విప్పాలో, ఆ స్టేషనే సబ్‌మెరైన్ సిబ్బంది మీద జోకులేసింది. ఇంతకన్నా పెద్ద జోక్ ఏ రచయితా రాయలేడు.

ప్రళయం తెచ్చే ఆయుధాల మీద నవ్వులేంటి అనేవాళ్లుంటారు. కానీ 1969 నుంచి ఎప్పుడూ ఒక బ్రిటిష్ సబ్‌మెరైన్ అణ్వాయుధాలతో సముద్రంలో ఉంటూనే ఉంది, దాని ఖర్చు గురించి పార్లమెంటులో గొడవ జరుగుతుందే తప్ప లోపల కూర్చున్నది కునుకు తీసే, అలిగే మామూలు మనుషులని ఎవరూ తలుచుకోరు. కామెడీ అది గుర్తుచేస్తుంది.

మన విశాఖలో బీచ్ రోడ్డు మీద ఐఎన్‌ఎస్ కురుసుర సబ్‌మెరైన్ 2002 నుంచి మ్యూజియంగా ఉంది, అందులో తల వంచుకుని నడిచినవాళ్లకి ఆ ఇరుకు తెలుసు. ఆకాశవాణి నాటికకి అంతకన్నా మంచి చోటు దొరకదు. నేవీ మీద జోకా, ఊరుకుంటారా అని మనవాళ్లు జంకుతారేమో గానీ, ఓడని సరిగ్గా నడపడం రాని ఆఫీసరు మీద జోకులేసే 'ది నేవీ లార్క్'ని బ్రిటన్ 1959 నుంచి 1977 దాకా రేడియోలో విన్నది, ఆ నేవీకి వచ్చిన నష్టమేమీ లేదు.