రిటుక్సిమాబ్ క్యాన్సర్‌కు మాత్రమే కాదు

రిటుక్సిమాబ్ అనే మందును కేవలం క్యాన్సర్ మందుగా పరిచయం చేసిన ఒక వ్యాసం చదివాను; దానికి కొంత చేర్చాలి. పేరు చివరనున్న ‘మాబ్’ ఇది మోనోక్లోనల్ యాంటీబాడీ (ఒకే లక్ష్యానికి అతుక్కునేలా ప్రయోగశాలలో తయారుచేసిన ప్రతిరక్షకం) అనీ, దానికి ముందున్న ‘క్సి’ ఎలుక, మానవ ప్రోటీన్ల భాగాలను కలిపి రూపొందించినదనీ తెలుపుతాయి. రోగనిరోధక వ్యవస్థకు చెందిన బి-లింఫోసైట్లు అనే తెల్లరక్తకణాల ఉపరితలంపై ఉండే సీడీ20 అనే ప్రోటీన్‌కు అతుక్కుని ఆ కణాలను నశింపజేస్తుంది కనుకనే, 1997లో అమెరికాలో ఆ కణాలలో వచ్చే లింఫోమా అనే క్యాన్సర్ చికిత్సకు అనుమతి పొందిన ఈ మందును తరువాత, రోగనిరోధక వ్యవస్థే కీళ్ళపై దాడి చేసే రుమటాయిడ్ ఆర్థరైటిస్ అనే కీళ్ళవాతానికి కూడా వాడుతున్నారు. కీళ్ళవాతానికి రాసిన మందుల చీటీలో ఈ పేరు చూసి, తమకు క్యాన్సర్ ఉందేమోనని రోగులు హడలిపోవడం నిజంగా బాధాకరం. ఆ వ్యాసంలో తప్పక ఉండవలసిన హెచ్చరిక మరొకటుంది: శరీరంలో అణగి ఉన్న హెపటైటిస్ బి వైరస్ ఈ మందు వల్ల తిరగబెట్టి కాలేయాన్ని తీవ్రంగా దెబ్బతీయగలదు కాబట్టి, మొదటి మోతాదుకు ముందే అందుకు సంబంధించిన రక్తపరీక్ష చేయించాలి.