వాలిస్ ఒంటరితనం కాదు, ఆయన పడవలు చూడాలి

చిత్రకళ ఎవరి దగ్గరా నేర్చుకోకుండా, కళాలోకానికి బయటే బతికిన మనుషులు నేటి కళాకారులను బలంగా ఆకర్షిస్తున్నారు. హెన్రీ డార్గర్ షికాగోలో ఆసుపత్రి పనివాడిగా బతుకుతూ 15,000 పేజీలు దాటిన నవల రాసుకున్నారు, దానికి బొమ్మలూ వేసుకున్నారు. బ్రిటన్ కళాకారుడు గ్రేసన్ పెర్రీ ఆయనను తన స్ఫూర్తిగా చెబుతారు. ఈ ఆకర్షణలో తప్పేమీ లేదు. కానీ దాని నుంచి పుట్టే కళలో తరచూ ఆ మనిషి ఏకాంతం, పేదరికం, చావు కనిపిస్తాయి. చేతిపని కనిపించదు. నా అభ్యంతరం అక్కడే.

విశాఖ చిత్రకారులకు డార్గర్ కంటే దగ్గరి మనిషి ఆల్‌ఫ్రెడ్ వాలిస్. 1855లో పుట్టిన ఈయన సముద్రం మీద పనిచేశారు. తర్వాత ఇంగ్లండ్‌లోని సెయింట్ ఐవ్స్ రేవులో పడవల పాత సామాను కొని అమ్మారు. 1922లో భార్య చనిపోయాక, డెబ్బై ఏళ్ల ప్రాయంలో బొమ్మలు మొదలుపెట్టారు. పచారీ కొట్టు అట్టపెట్టెల ముక్కలమీద, పడవలకు పూసే రంగుతోనే వేశారు. అట్ట ఎంత వంకరగా ఉంటే సముద్రాన్ని ఆ వంకరలోనే ఇమిడ్చారు. దూరానున్నది చిన్నదిగా ఉండాలన్న నియమాన్ని పట్టించుకోలేదు, తనకు ముఖ్యమైనదాన్ని పెద్దదిగా వేశారు. ఏ తాడు ఏ తెరచాపను లాగుతుందో తెలిసిన చేయి అది. అందుకే ఆ ఓడలు పిల్లల బొమ్మల్లా కనిపించినా నిజంగా నీటి మీద తేలుతున్నట్టే ఉంటాయి.

1928లో చిత్రకారులు బెన్ నికల్సన్, క్రిస్టఫర్ వుడ్ వాలిస్ ఇంటి వీధిలో నడుస్తూ, తెరిచిన తలుపులోంచి ఈ బొమ్మలను చూశారు. ఇద్దరి చిత్రకళ మీదా వాలిస్ ముద్ర పడింది. మిత్రులు ఆయన బొమ్మలు కొన్నారు, చివరి రోజుల్లో గీసుకోవడానికి పుస్తకాలూ తెచ్చిచ్చారు. అయినా 1942లో వాలిస్ కన్నుమూసింది మాడ్రన్‌లోని పేదల వసతిగృహంలోనే. ఆయన సమాధికి పింగాణీ పలకలు చేసింది ప్రఖ్యాత కుమ్మరి బెర్నార్డ్ లీచ్. బతికున్నప్పుడు బొమ్మకు దక్కినవి కొద్దిపాటి షిల్లింగులు. ఈ లెక్క నన్ను బాధిస్తుంది.

ఆంధ్ర విశ్వవిద్యాలయం లలితకళల విభాగానికి మన చేపల రేవు కొద్ది కిలోమీటర్ల దూరమే. తూర్పు తీరంలో ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు, 61 రోజులు వేట నిషేధం. మరబోట్లకు మరమ్మతులు చేసేది, కొత్త రంగులు వేసేది ఆ రోజుల్లోనే. 2023 నవంబరులో ఆ రేవులో మంటలు చెలరేగి సుమారు నలభై పడవలు దెబ్బతిన్నాయి. వాటిమీద ఎవరెవరు వేసిన రంగులు, గీతలు, పేర్లు కాలిపోయాయో ఏ కళాచరిత్రా రాసుకోదు.

వాలిస్ జీవితం మీద పని తలపెట్టే విశాఖ కళాకారుడు ఎవరైనా ముందు ఆ రేవుకు వెళ్లాలని నా కోరిక. ఫొటోలు తీసుకుని వచ్చేయడానికి కాదు. వంపు తిరిగిన చెక్క మీద కొలబద్ద లేకుండా గీత ఎలా నిలుస్తుందో, ఉప్పుగాలిలో ఏ రంగు ఎన్నాళ్లు ఆగుతుందో ఆ పని చేసేవాళ్ల పక్కన నిలబడి నేర్చుకోవాలి. అలా నేర్చుకున్నది ప్రదర్శనకు వచ్చినప్పుడు నేర్పిన వ్యక్తి పేరు, ఆయన ఒప్పుకుంటే, గోడమీద కళాకారుడి పేరు పక్కనే అదే సైజు అక్షరాల్లో ఉండాలి. బొమ్మ అమ్ముడైతే ఆయన వాటా ఎంతో ముందే మాట్లాడుకుని కాగితం మీద రాసుకోవాలి.