బలగానికి పునాది జబర్దస్త్ స్కిట్లలోనే పడింది

2023 మార్చిలో 'బలగం' సినిమా విడుదలైనప్పటి నుంచి దాని దర్శకుడు వేణు యెల్దండి గురించి ఒకే మాట వినబడుతోంది. "జబర్దస్త్‌లో కామెడీ చేసుకునే మనిషి ఇంత సినిమా ఎలా తీశాడు?" అని. మెచ్చుకుంటూనే అంటారు, కానీ ఆ మాటలో చిన్నచూపు ఉంది. నేను దాన్ని ఒప్పుకోను. స్కిట్లు కట్టిన చేయి కాబట్టే ఆ సినిమా అలా కుదిరింది.

2013లో ఈటీవీలో జబర్దస్త్ కామెడీ షో మొదలైనప్పుడు తొలి టీమ్ లీడర్లలో వేణు ఒకడు. టీమ్ లీడర్ అంటే గెటప్ వేసి వెళ్లిపోయేవాడు కాదు. కాన్సెప్ట్ వెతకాలి, ఎవరి నోట ఏ మాట పండుతుందో చూసుకోవాలి. ఆ మనుషులెవరో, వాళ్ల గొడవేంటో కొద్ది నిమిషాల్లో అర్థమైపోవాలి. పంచ్ పడకపోతే ఎదురుగా కూర్చున్న జడ్జీల ముఖాల్లోనే తెలిసిపోతుంది. వారం తిరిగేసరికి ఇంకోటి కావాలి. ఇంత కఠినమైన శిక్షణ ఏ ఫిల్మ్ స్కూల్లో దొరుకుతుంది?

ఇప్పుడు బలగం కథను విప్పి చూడండి. విందులో నల్లి బొక్క (మూలుగు ఎముక) దగ్గర మొదలైన పంతంతో ఒక ఆడబిడ్డ ఏళ్ల తరబడి పుట్టింటి గడప తొక్కదు. ఇది అచ్చంగా స్కిట్ కాన్సెప్ట్. మనవడు సాయిలుకు తాత పోయిన దుఃఖం కన్నా, పెళ్లి ఆగితే కట్నం రాదు, అప్పులు తీరవు అన్న టెన్షనే ఎక్కువ. ఇదీ స్కిట్ కాన్సెప్టే. ఇక పిట్టకు పెట్టుడు, అంటే పోయినవాళ్ల పేరున కాకికి ముద్ద పెట్టే ఆచారం. మూడో రోజు పిట్ట ముట్టదు. ఐదో రోజూ ముట్టదు. ఊరంతా ఏదో ఒకటి అంటుంది, ఇంట్లో ఒకరినొకరు తప్పుపడతారు, పదకొండో రోజు కోసం మనం ఊపిరి బిగబట్టి కూర్చుంటాం. పంచ్‌ను ఎంతసేపు ఆపాలో తెలిసిన రచయిత పని ఇది. నవ్వు పుట్టాల్సిన చోట ఏడుపు పుట్టించాడు, అంతే తేడా. ఊళ్లలో తెరలు కట్టుకుని జనం కలిసి చూసి ఏడ్చారంటే, ఆ లెక్క తప్పలేదన్నమాట.

జబర్దస్త్‌లో బూతు ఉందని, ఆడవాళ్లను, మనుషుల ఒంటి రంగును వెక్కిరించారని విమర్శ ఉంది. చాలా స్కిట్ల విషయంలో అది నిజం, నాకూ కోపం వచ్చింది. అయినా చెత్త స్కిట్లు ఉన్నాయని స్కిట్ రాయడమే చెత్త పని అనడం అన్యాయం. చెత్త సినిమాలు వచ్చాయని సినిమా రాయడాన్ని ఎవరూ అలా తీసిపారేయరు కదా.

అసలు మన దగ్గర టీవీకి కామెడీ రాసేవాడికి పేరు రావాలంటే తెర మీదికి ఎక్కాల్సిందే. అదిరే అభి టీమ్‌కు రాస్తూ వచ్చిన హైపర్ ఆది జనానికి తెలిసింది స్టేజీ ఎక్కాకే. సుడిగాలి సుధీర్ స్కిట్ల వెనక ఆటో రాంప్రసాద్ కలం ఉందని తెలిసినవాళ్లు ఎందరు? నటించడం రాని రచయిత సంగతి ఇక చెప్పనక్కర్లేదు. ఆ స్కిట్లు ఇప్పటికీ యూట్యూబ్‌లో తిరుగుతున్నాయి. హైదరాబాద్‌లోనూ చూస్తారు, డాలస్‌లోనూ చూస్తారు. టైటిల్‌లో టీమ్ లీడర్ పేరు, పక్కన 'పెర్ఫార్మెన్స్' అని ఉంటుంది. ఆ మాటలు ఎవరు రాశారో ఉండదు.

కాపీరైట్ చట్టానికి 2012లో చేసిన సవరణ, సినిమా థియేటర్ బయట తమ రచనను వాడుకున్నప్పుడు వచ్చే రాయల్టీ హక్కును రచయితలు వదులుకోవడానికి వీల్లేదని చెప్పింది. పాటల రచయితల గురించి మాట్లాడేటప్పుడు అందరికీ ఈ చట్టం గుర్తొస్తుంది. పదేళ్ల కిందటి స్కిట్ ఈ రాత్రి ఎవరి ఫోన్లోనో మళ్లీ ప్లే అవుతుంటే, దాన్ని రాసినవాడి తరఫున ఆ చట్టాన్ని పట్టుకుని ఛానళ్లను అడగాల్సింది తెలుగు రచయితల సంఘాలే. వేణు సినిమాకు సన్మానాలు చేసినవాళ్లు ఆ పని కూడా చేయాలి.