కవిత్వం కొండెక్కిన వైనం

ధరలు కొండెక్కితే సరుకు అందదు. దీపం కొండెక్కితే ఇల్లు చీకటి. మనకు తెలిసిన కొండెక్కుడు ఈ రెండే. కవిత్వాన్ని కొండెక్కించడం పందొమ్మిదో శతాబ్దపు ప్యారిస్ కవులు కనిపెట్టిన విద్య. వాళ్ళ కొండ పేరు పర్నాసస్. అది గ్రీసులో డెల్ఫీకి ఎగువన ఉంది, ఎత్తు 2457 మీటర్లు. అపొల్లో, తొమ్మండుగురు కళాదేవతలు అక్కడే కాపురం ఉంటారని ప్రతీతి. అంత దూరం పోయి అంత ఎత్తు ఎక్కే ఓపిక అందరికీ ఉండదు గనక అల్ఫోన్స్ లెమేర్ అనే ప్రచురణకర్త 1866లో ఆ కొండని ప్యారిస్‌లో ష్వాజల్ అనే కప్పు వేసిన బజారు వీధికి, తన పుస్తకాల కొట్లోకి దించాడు. కత్యూల్ మాండెస్, లూయీ గ్జావియే ద రికార్ సంపాదకులు. 'సమకాలీన పర్నాసస్' పేరుతో మార్చి నుంచి జూన్ దాకా విడతలు విడతలుగా వచ్చిన ఆ సంకలనంలో 37 మంది కవులు. రెండో సంకలనం 1871లో, మూడోది 1876లో. కొండకి మొత్తం మూడే మెట్లు.

ఆ మెట్లెక్కగోరే కవుల సౌకర్యార్థం షరతులు ఇక్కడ వివరిస్తున్నాం. దరఖాస్తు పెట్టి భంగపడేకన్నా ముందే చదువుకోవడం మంచిది.

గుడి బయట చెప్పులు విడిచినట్టు హృదయాన్ని గుమ్మం బయట విడిచి రావాలి. టోకెను ఇవ్వరు, పోతే బాధ్యత వహించరు. ఇంత కట్టడి ఎందుకంటే, అంతకుముందు నలభై ఏళ్ళు ఫ్రెంచి కవిత్వంలో ఏడుపు ఎక్కువైంది. 1820లో లామర్తీన్ సరస్సు ఒడ్డున కూర్చుని మొదలుపెట్టాడు. తర్వాత ముస్సే అందుకుని, తన పేగులు తీసి పిల్లలకి మేతగా పెట్టే పెలికన్ పక్షి లాంటివాడే అసలు కవి అని తేల్చాడు. పర్నాసస్ వారికి పేగుల వాసన పడదు. ముస్సే పేరెత్తితే వాళ్ళ పెద్దాయన లెకాంత్ ద లీల్‌కి ఒళ్ళు మండేది. ఒళ్ళు మండడం కూడా భావావేశమే కదా అని ఎవరూ అడగలేదు. మీరూ అడగవద్దు. ఈ బృందానికి లోకం పెట్టిన పేరు 'చలించనివాళ్ళు'.

రెండో షరతు, మీ కవిత ఎవరికీ ఎందుకూ పనికి రాకూడదు. దీనికి ప్రమాణం కవి తియొఫీల్ గోతియే 1835లో అచ్చయిన తన నవలకి రాసుకున్న ముందుమాట. నిజంగా అందమైనది దేనికీ పనికి రానిదే, పనికొచ్చే ప్రతిదీ వికారమే, ఇంట్లో అన్నిటికన్నా పనికొచ్చే చోటు మరుగుదొడ్డి అని ఆయన సూత్రీకరించాడు. వాదనలో లోపం వెతకబోతే ముందు ముక్కు మూసుకోవాల్సి వస్తుంది కాబట్టి ఎవరూ వెతకలేదు. ఇంత చెప్పినాయనకి పూట గడిచింది మాత్రం దినపత్రికల్లో నాటకాల మీదా బొమ్మల మీదా వారం వారం రాసిన సమీక్షలతో. వాటిని చదివి జనం ఏ నాటకానికి టిక్కెట్టు కొనాలో తేల్చుకునేవారు. అంటే అవి పనికొచ్చేవి. సూత్రం ప్రకారం వాటి స్థానం ఏ గదో పాఠకులే ఊహించుకోవచ్చు.

మూడో షరతు కిటికీలకి సంబంధించింది. 1848లో ప్యారిస్ వీధుల్లో విప్లవం, రాజు పారిపోయాడు, బారికేడ్లు లేచాయి. ఆ రోజుల గురించే గోతియే, తుపాను వచ్చి నా మూసిన కిటికీలని కొరడాతో కొట్టినట్టు కొడుతున్నా లెక్కచెయ్యక 'మీనా పనులూ చెక్కిన రాళ్ళూ' తయారు చేశానని 1852లో అదే పేరుతో తెచ్చిన పుస్తకం మొదట్లో చెప్పుకున్నాడు. దరఖాస్తుదారు కిటికీ రెక్కలు, గడియలు ముందే సరిచూసుకోవాలి. గడియ వదులైతే లోపలికి మొదట గాలి వస్తుంది, తర్వాత దుమ్ము, ఆ వెనకే ప్రజలు.

ఇక అసలు పని. గోతియే మాటల్లో అది చెక్కు, ఆకురాయి పట్టు, నగిషీ దిద్దు. బొటనవేలు నొక్కితే వంగిపోయే బంకమట్టి ముట్టుకోకూడదు. పాలరాయి, గోమేధికం లాంటి ఎదురుతిరిగే సరుకే కావాలి. ఈ మాట ఆయన చెప్పిన పద్యం నడకే చూడండి: ఆరు అక్షరాలు, ఆరు, రెండు, మళ్ళీ ఆరు. ఆ రెండక్షరాల మూడో పాదానికీ అంత్యప్రాస కావాలి. రెండక్షరాల్లో ప్రాస పోగా అర్థానికి మిగిలే చోటు ఎంతో లెక్క వేసుకోండి.

మామూలు వాడకానికి పన్నెండక్షరాల అలెగ్జాండ్రిన్ పాదం ఉంది. ఆరు దగ్గర విరుపు. పదం చివర వచ్చే మూగ అచ్చుతోనే పేచీ అంతా. తర్వాతి పదం హల్లుతో మొదలైతే అది లెక్కకొస్తుంది, అచ్చుతో మొదలైతే మాయమవుతుంది, పాదం చివర్లో ఉంటే ఉండీ లేనట్టే. అయితే అలా ఉండీ లేకుండా ఉన్నందుకే ఆ పాదం ఆడప్రాస అవుతుంది, లేనిది మగప్రాస. రెండూ ఒకదాని తర్వాత ఒకటి వంతుల వారీగా రావాలి. మూగ అచ్చు కానిది ఇంకో అచ్చుని ఢీకొంటే పాదం చెడినట్టే. సంధి చేసి గట్టెక్కే సౌకర్యం మనకుంది, పాపం వాళ్ళకి లేదు.

ప్రాస దగ్గర తెయొదోర్ ద బాన్విల్ అనే కవి కాపలా కాస్తుంటాడు. పాదంలో వినపడేది ప్రాస పదం ఒక్కటే అని ఆయన సిద్ధాంతం. చివరి అచ్చు కలిస్తే సరిపోదు, దాని ముందున్న హల్లు కూడా కలిసి తీరాలి. 'షెవాల్' అంటే గుర్రం. దానికి 'రివాల్', అంటే ప్రత్యర్థి, తగిన జోడు. వకారం దాకా కలిసింది. అదే 'షెవాల్'కి నాట్యవిందు అనే అర్థమున్న 'బాల్' తెచ్చి కట్టారనుకోండి, చెల్లదు, వకారం ఉండాల్సిన చోట బకారం ఉంది. ఎక్కడ చెడుతుందో కొత్తవాళ్ళకి మొదట తెలియదు. భాషలో అలాంటి జోళ్ళు తక్కువ. అందుకని గుర్రమెక్కిన ప్రతివాడికీ, వాడెంత మంచివాడైనా సరే, రెండు పాదాలు తిరిగేలోగా ఒక ప్రత్యర్థిని పుట్టించక తప్పదు. కథ గుర్రం వెనక పోతుంది. ప్రాసకీ ప్రాసకీ మధ్య మిగిలిన ఖాళీలో మేకులు కొట్టుకోవాలి. ఫ్రెంచివాళ్ళు వాటిని 'షెవీ' అంటారు, వడ్రంగి పనిలో చెక్కని చెక్కకి బిగించే కొయ్యమేకు. మన పద్యాల్లో దీన్నే పాదపూరణం అని గౌరవంగా పిలుస్తారు. మేకులు ఏ పద్యంలోనైనా ఉండేవేనని బాన్విలే ఒప్పుకున్నాడు. గొప్ప కవి కొట్టిన మేకు కనపడదు, అంతే తేడా.

ఈయన 1872లో తెచ్చిన ఛందస్సు పుస్తకంలో కవులకిచ్చే మినహాయింపుల మీద ఒక అధ్యాయం ఉంది. అధ్యాయం మొత్తం ఒకే వాక్యం: అలాంటివి లేవు. నిరంకుశాః కవయః అని ఎంతటి తప్పునైనా మీసం తిప్పుకుంటూ దాటేసిన మన పండితులు ఆ పుటని పటం కట్టించి పెట్టుకోవాలి.

ముడిసరుకు సంగతి. వీధిలో కనపడే మనుషులు పనికిరారు. గ్రీకు, హిందూ, ఉత్తరదేశాల పురాణాలు శ్రేష్ఠం. జంతువులకి ప్రత్యేక కోటా ఉంది. లెకాంత్ ద లీల్ ఎర్ర ఇసకలో బరువుగా నడిచిపోయే ఏనుగుల్ని, కలలో ఎద్దుల్ని చీల్చే జాగ్వార్‌ని, గడ్డకట్టిన ఆకాశంలో రెక్కలు చాపి నిద్రపోయే కాండోర్ రాబందుని రాశాడు. నిజం చెప్పాలంటే అవి చాలా బాగుంటాయి. ఏనుగులు ప్రేమలేఖలు రాయవు, అదొక సుఖం. మొంరూజ్‌లో చిన్న కిరాణా కొట్టువాడి మీద ఫ్రాన్స్వా కొప్పే పద్యం రాశాడని కొందరు ఉదాహరణ చూపిస్తారు. అది నిబంధనలకి విరుద్ధం. జనానికి నచ్చింది కూడా, అంటే నేరం రుజువైనట్టే.

హిందూ సరుకు వాడేటప్పుడు మాత్రం జాగ్రత్త. లెకాంత్ ద లీల్ సంస్కృతం నేర్చుకోలేదు, బ్యూర్నూఫ్ ఫ్రెంచిలోకి తెచ్చిన భాగవతం లాంటి అనువాదాలే ఆధారం. అలా ఆయన చేతికి శునశ్శేఫుడు చిక్కాడు. బాలకాండలో అంబరీషుడి యాగానికి పశువుగా అమ్ముడుపోయిన ఋచీకుడి నడిమి కొడుకు. కవిగారు ఆ కుర్రాడికి ఒక ప్రియురాలిని కల్పించి శాంత అని పేరు పెట్టారు. అదే కాండలో ఋశ్యశృంగుడి ఇల్లాలి పేరూ శాంతే. మన వైపు పెద్దవాళ్ళెవరైనా చదివితే, "అయ్యో, ఆ పిల్లకి పెళ్ళయింది కదయ్యా" అంటారు. గుమ్మం బయట వదిలి వచ్చిన హృదయం ఇలాగే దొడ్డిదారిన లోపలికి దూరుతుంది.

నెమ్మది విషయంలో ఆదర్శం క్యూబాలో పుట్టిన జొజే మరియా ద ఎరెదియా. 1866 సంకలనంలో ఈయన సానెట్లు వచ్చాయి, పుస్తకం వచ్చింది 1893లో. అందులో 118 సానెట్లు. సానెట్‌కి 14 పాదాలు, ఇరవయ్యేడేళ్ళు. సగటున వారానికి ఒక పాదం, పండగలకి ఇంకాస్త. కిటుకు పద్నాలుగో పాదంలో ఉంది. పదమూడు పాదాలు కుందేలు దూరని కంచె కట్టి, చివరి పాదంలో తలుపు ఒక్కసారి బార్లా తెరవాలి. బంగారం కోసం స్పెయిన్‌లోని పాలోస్ రేవు నుంచి బయల్దేరిన దోపిడీదారులు ఆఖర్న తెల్ల ఓడల ముందు అంచుకి వంగి నిలబడి, సముద్రం అడుగు నుంచి కొత్త నక్షత్రాలు ఆకాశంలోకి లేవడం చూస్తారు. అక్కడితో ఆపాలి. పదిహేనో పాదం ఉంటే వాళ్ళు దిగి దోచుకోవడం మొదలుపెడతారు.

ఇక గతంలో జరిగిన ఉల్లంఘనలు. చలనం లేని కవిత్వానికి పెద్ద అయిన లెకాంత్ ద లీల్ 1862లో ఒక సానెట్ రాశాడు. మెడకి గొలుసు కట్టిన జంతువుని సంతలో తిప్పినట్టు గుండెని జనం ముందు తిప్పేవాళ్ళున్నారు, నేను మాత్రం, ఓ జనమా, నీ వేదికెక్కి నీ వేషగాళ్ళతో వేశ్యలతో కలిసి ఆడను అని. భావాలు చూపించనని ఆయన చేసిన ఈ ప్రకటనంత కోపం ఆయన రాసిన ఏనుగులన్నిటిలో కలిపినా లేదు. దాచుకోవడం అసలు రానివాడని కాదు. గట్టి గణతంత్రవాది అయివుండి మూడో నెపోలియన్ చక్రవర్తి ఖజానా నుంచి నెలకి 300 ఫ్రాంకులు పుచ్చుకుంటున్న సంగతి, 1870లో సామ్రాజ్యం కూలి రాజభవనం కాగితాలు బయటపడేదాకా కవిత్వంలో ఎక్కడా తొణకలేదు.

సులీ ప్రూదోమ్ కేసు ఇంకా విచారకరం. 1901లో సాహిత్యానికి మొట్టమొదటి నోబెల్ అందుకున్న ఈయన పద్యాల్లో జనం నోట నిలిచింది పగిలిన పూలకుండీ. విసనకర్ర అంచు తగిలి గాజుకి వెంట్రుకంత చీలిక పడుతుంది, చప్పుడు కాదు, నీరు బొట్టు బొట్టుగా కారిపోతుంది, పువ్వు వాడుతుంది, ముట్టుకోవద్దు, అది పగిలింది. ఆ కుండీ ఆయన గుండె అని ఫ్రాన్సులో బడిపిల్లలకి కూడా తెలిసిపోయింది. గాజుపనిలో ఇంత నేర్పు చూపించీ నీళ్ళు కారనివ్వడం క్షమార్హం కాదు.

మూడో సంకలనానికి 1875లో బాన్విల్, కొప్పే, అనతోల్ ఫ్రాన్స్ వడపోత సంఘంగా కూర్చున్నారు. మొదటి సంకలనంలో ఉన్న మలార్మే ఈసారి మేక కాళ్ళున్న ఒక వనదేవుడి మధ్యాహ్నం గురించి పద్యం పంపాడు. వద్దు, లోకం మనల్ని చూసి నవ్వుతుందని అనతోల్ ఫ్రాన్స్ రాశాడు. అదే పద్యం మీద డెబుస్సీ 1894లో సంగీతం కట్టాడు, లోకం ఇప్పటికీ నవ్వడం మానేసి వింటోంది. మొదటి సంకలనంలోనే ఉన్న వెర్లేన్‌కి, కవి అనర్హుడు, పద్యాలు చూసిన వాటిలోకెల్లా అధ్వాన్నమని జవాబు. మీలో సాహిత్య పోటీలకి న్యాయనిర్ణేతలుగా వెళ్ళేవారు ఈ వాక్యం నమూనా దాచుకోవచ్చు, ఎక్కడైనా చెల్లుతుంది. వెర్లేన్ ఆ పాటికే జైల్లో కూర్చుని తన కావ్యసూత్రం రాసి ఉంచుకున్నాడు, 1882లో అచ్చయింది. పన్నెండుకి బదులు తొమ్మిది అక్షరాలు వాడాడు. ప్రాస ఒక కానీ ఖరీదు నగ, ఆకురాయి పట్టి చూడండి, బోలుగా మోగుతుంది అన్నాడు. గోతియే చేతిలో పెట్టిన ఆకురాయే.

ఇన్ని ఉల్లంఘనలున్నా నిరాశ పడనక్కర్లేదు. అన్ని షరతులూ నెరవేర్చిన కవి ఒకాయన ఉన్నాడు, అదీ మనవాడే. లెకాంత్ ద లీల్ రాసిన వాల్మీకి మరణం తీసుకోండి. పుట్టలోంచి లేచాక కవి అయినవాడని మనం చెప్పుకునే కథ ఆ పద్యంలో తిరగబడింది. రామాయణం పూర్తయింది, వాల్మీకి ముసలివాడయ్యాడు, హిమాలయం మీద కన్నార్పకుండా ధ్యానంలో నిలబడ్డాడు. చీమలు వచ్చాయి. పాలిపోయిన కడుపులు ఈడ్చుకుంటూ, సముద్రపు నురగ పైకెక్కినట్టు పాదాలు, తొడలు, రొమ్ము కప్పేశాయి. మాంసం కొరికాయి, కళ్ళలోంచి కపాలంలోకి దూరాయి, తెరిచిన నోట్లోకి పోయాయి. చివరికి గుళ్ళో దేవుడిలా కొండ మీద నిలబడ్డ ఎముకల గూడు మిగిలింది. అంతసేపూ కవికి చీమ కుట్టినట్టయినా లేదు.